అప్ ట్రాక్ మీద బండి మూడుసార్లు ఆగిపోయింది. రెండోసారి టెస్టుకి ఎలా సిద్ధమవ్వాలి?

సరళ_టీచర్ (వనస్థలిపురం) · ఆదివారం రాత్రి 9:10

అందరికీ నమస్కారం. నాకు 43 ఏళ్లు. స్కూల్లో లెక్కలు చెప్తాను. మొన్న శుక్రవారం కారు లైసెన్సు టెస్టుకి వెళ్లి ఫెయిలయ్యాను. రెండు రోజులు ఎవరితోనూ మాట్లాడాలనిపించలేదు. ఈ రోజు కాస్త కుదుటపడి రాస్తున్నాను.

ఎనిమిది అంకెలా ఉండే ట్రాక్ బాగానే అయింది. హెచ్ అక్షరంలా ఉండే ట్రాక్‌లో రివర్స్ చేస్తుంటే వెనక చక్రం ఒకసారి అంచుకి తగిలింది. తర్వాత అప్ ట్రాక్. ఎత్తు మీద గీత దగ్గర బండి ఆపి, మళ్లీ కదిలించాలి. కదిలించబోతే ఆగిపోయింది. స్టార్ట్ చేశాను, మళ్లీ ఆగిపోయింది. మూడోసారి ఆగిపోవడమే కాదు, వెనక్కి జారింది కూడా. వెనక కారతను హారన్ కొట్టాడు. కాళ్లు రెండూ వణికిపోయాయి. ఇన్‌స్పెక్టర్ గారు కోప్పడలేదు. "ఇంకొంచెం ప్రాక్టీస్ చేసుకుని రండి మేడమ్" అన్నారు, అంతే.

డ్రైవింగ్ స్కూల్లో 25 రోజులు నేర్చుకున్నాను, రోజుకి అరగంట. సాగర్ రోడ్డు మీద ట్రాఫిక్‌లో కూడా నడిపాను. అక్కడ ఒక్కరోజు కూడా బండి ఆగిపోలేదు. మరి టెస్టులో ఏమైందో నాకు అర్థం కావడం లేదు.

మా అత్తగారికి వారానికి మూడుసార్లు డయాలసిస్. తెల్లవారుజామున అయిదున్నరకి బయల్దేరాలి. మా వారు నెలలో సగం రోజులు ఊళ్లో ఉండరు. క్యాబ్ బుక్ చేస్తే, వస్తామన్నవాళ్లే పది నిమిషాలాగి క్యాన్సిల్ చేస్తారు. ఆవిడ మెట్ల మీద కూర్చుని గేటు వైపే చూస్తుంటారు. మా కారేమో కవరు కప్పుకుని సెల్లార్లో ఉంటుంది. అందుకే నాకీ లైసెన్సు కావాలి.

మళ్లీ ఎన్ని రోజులాగి వెళ్లొచ్చు? ఎల్ఎల్ఆర్ (నేర్చుకునేటప్పుడు ఇచ్చే తాత్కాలిక లైసెన్సు) ఇంకా మూడు నెలలుంది.

---

ఎల్బీనగర్_తమ్ముడు · ఆదివారం రాత్రి 9:34

అక్కా, బాధపడకండి. నాతో పాటు టెస్టుకి వచ్చినవాళ్లలో కూడా చాలామంది అప్ ట్రాక్ దగ్గరే ఇబ్బంది పడ్డారు. నేను నాగోల్‌లో ఇచ్చాను, పోయిన ఏడాది. ఒక్క విషయం చెప్పండి. మీరు నేర్చుకున్న కారులో పక్కసీటు కింద కూడా పెడళ్లు ఉన్నాయా? టెస్టు కూడా ఆ కారులోనే ఇచ్చారా?

---

సరళ_టీచర్ · ఆదివారం రాత్రి 9:41

అవును తమ్ముడూ, పక్కన కూడా క్లచ్, బ్రేకు ఉన్నాయి. టెస్టు అదే కారులో ఇచ్చాను. మాస్టారు బయట నిలబడ్డారు.

---

గోదావరి_వకీలు (రాజమండ్రి) · ఆదివారం రాత్రి 10:05

గడువుల సంగతి చెప్తానండి. మోటారు వాహనాల చట్టం 1988, సెక్షన్ 9 ప్రకారం ఫెయిలైనవాళ్లు ఏడు రోజులాగి మళ్లీ టెస్టుకి రావచ్చు. మూడుసార్లు తప్పితే మాత్రం ఆఖరి టెస్టు నుంచి 60 రోజులు ఆగాలి. ఎల్ఎల్ఆర్ ఆరు నెలలు చెల్లుతుంది. మీకింకా మూడు నెలలుంది కాబట్టి తొందర లేదు. ఏడో రోజుకే స్లాట్ పెట్టుకోవాలని ఎవరూ అనలేదు. చేయి తిరిగాకే బుక్ చేసుకోండి.

ఇంకొకటి. మీరు 40 దాటారు కాబట్టి ఫారం 1ఎ, అంటే ఆరోగ్య ధ్రువపత్రం మీద డాక్టరు సంతకం ఉండాలి. ఎల్ఎల్ఆర్ అప్పుడే ఇచ్చి ఉంటారు, కాపీ దాచుకోండి.

---

పాత_మెకానిక్ (విజయవాడ) · ఆదివారం రాత్రి 11:20

అమ్మా, ఆటోనగర్లో ముప్ఫై ఏళ్లు క్లచ్ ప్లేట్లు మార్చినవాణ్ని. మీ సంగతి చదవగానే అర్థమైంది. ఆ పాతిక రోజులూ మీ మాస్టారి కాలు ఆయన వైపు క్లచ్ మీదే ఉంది. మీరు తొందరపడి వదిలినప్పుడల్లా ఆయన కింద నుంచి తొక్కి పట్టారు. ఆయన్ని తప్పు పట్టను, రోడ్డు మీద బండి ఆగిపోకుండా చూడటం ఆయన పని. కానీ స్టీరింగ్ మీరు తిప్పారు, క్లచ్ ఆయన నడిపాడు. టెస్టు రోజు ఆ కాలు దిగిపోయింది. మీ కాలికి క్లచ్ ఇంకా తెలియదు. మీకు రానిది అదొక్కటే.

క్లచ్ అంటే ఏంటో ముందు చెప్తాను. లెక్కల టీచరు కదా, లోపల జరిగేది తెలిస్తే మీ కాలు త్వరగా వింటుంది. ఇంజన్ చివర ఫ్లైవీల్ అని బరువైన చక్రం ఉంటుంది, అది తిరుగుతూనే ఉంటుంది. చక్రాల వైపు భాగం నిలబడి ఉంటుంది. ఈ రెంటినీ కలిపేది క్లచ్ ప్లేటు. పరిగెత్తేవాడు నిలబడ్డవాణ్ని చెయ్యి పట్టుకుని ఒక్క ఊపున లాగితే ఇద్దరూ బోర్లా పడతారు. ముందు వేళ్లు అందించి, మెల్లగా పట్టు బిగిస్తూ నడిపించాలి. ఆ వేళ్లు అందే చోటే హాఫ్ క్లచ్. ప్రతి బండికీ అది కొంచెం పైకో కిందికో ఉంటుంది.

ఇలా చేయండి. సీటు ముందుకి జరుపుకోండి. క్లచ్ అడుగంటా తొక్కినా మోకాలు కొంచెం వంగే ఉండాలి. ఖాళీ గ్రౌండుకి వెళ్లి, ఫస్ట్ గేరు వేసి, యాక్సిలరేటర్ ముట్టుకోకుండా, మడమ నేలకి ఆనించి, క్లచ్ గోరంత గోరంత వదలండి. ఒక చోట ఇంజన్ గొంతు మారుతుంది. స్టీరింగులో సన్నటి వణుకు వస్తుంది. అక్కడ కాలు ఆపేయండి. బండి తనంతట తనే చీమలా కదులుతుంది. మళ్లీ తొక్కి ఆపండి. యాభైసార్లు చేయండి. రెండో రోజు ఇంకో యాభై. పాట్లు పడకుండా అది రాదమ్మా, కానీ ఒకసారి వస్తే జన్మలో పోదు.

ఎత్తు మీద చేసేది కూడా ఇదే, హ్యాండ్ బ్రేక్ తోడవుతుంది. హ్యాండ్ బ్రేక్ గట్టిగా లాగి ఉంచండి. ఫస్ట్ గేరు. పెట్రోలు బండైతే యాక్సిలరేటర్ కొంచెం ఇవ్వండి. క్లచ్ వదులుతుంటే బానెట్ కాస్త పైకి లేచినట్టు కనిపిస్తుంది. కాలు అక్కడే రాయిలా పెట్టి హ్యాండ్ బ్రేక్ దించండి. బండి ముందుకీ పోదు, వెనక్కీ రాదు. అప్పుడు ఇంకొంచెం గ్యాస్ ఇవ్వండి, ఎక్కేస్తుంది. హాఫ్ క్లచ్ మీద ఎక్కువసేపు నిలబెట్టొద్దు, ప్లేటు కాలుతుంది. మాడిన వాసన వస్తే ఆపి చల్లారనివ్వండి.

ఇంకో మాట. ఈసారి మీ కారులోనే టెస్టుకి వెళ్లండి. రేపు అత్తగారిని తీసుకెళ్లేది దాంట్లోనే కదా.

---

సరళ_టీచర్ · సోమవారం ఉదయం 6:15

బాబాయ్ గారూ, మీరు రాసింది చదివి రాత్రి చాలాసేపు నిద్ర పట్టలేదు. ఆయన నల్ల చెప్పు ఆ పెడల్ మీదే ఉండేది, నేను రోజూ చూశాను. జాగ్రత్త కోసం పెట్టారనుకున్నాను. సిగ్నల్ దగ్గర బండి కదిలిన ప్రతిసారీ "శభాష్ మేడమ్" అనేవారు. నాకు వచ్చేసిందనే అనుకున్నాను.

ఈ రోజే కారు కవరు తీస్తాను. మా అబ్బాయికి లైసెన్సుంది, పక్కన కూర్చుంటాడు.

---

కొత్త_సభ్యుడు_హైద్ · సోమవారం ఉదయం 10:30

మేడమ్, ఇంత టెన్షన్ ఎందుకు? ఆఫీసు బయట ఏజెంట్లుంటారు. కొంచెం ఎక్కువిస్తే వాళ్లే చూసుకుంటారు. తర్వాత మెల్లగా నేర్చుకోవచ్చు కదా.

---

ఓరుగల్లు_పద్మ (హనుమకొండ) · సోమవారం మధ్యాహ్నం 1:05

తమ్ముడూ, నువ్వు మంచికే చెప్పావు, కానీ ఆ మాట వద్దు. మా దగ్గరి బంధువు ఒకతను అట్లనే తీసుకున్నాడు. కార్డు ఇంటికొచ్చింది, సంతోషపడ్డాడు. మూడో నెల మలుపు కాడ బ్రేకు అనుకుని యాక్సిలరేటర్ తొక్కాడు. సైకిల్ మీద పోతున్న పెద్దమనిషి కాలు విరిగింది. ఆయన కూలీ పనికి పోయేటోడు. ఆర్నెల్లు పని లేదు. మా వాళ్లు డబ్బులిచ్చారు, కానీ ఆయన కుంటుకుంటూ నడుస్తుంటే నేను చూశాను. ఇప్పటికీ మర్చిపోలేదు.

సరళ గారు తీసుకుపోయేది డయాలసిస్ అయి, ఒంట్లో ఓపిక లేకుండా వెనక సీట్ల పడుకునే ముసలామెను. చెల్లె, నేను 50 దాటినంక నేర్చుకున్నా. మా ఊళ్లో అందరూ "ఇప్పుడెందుకమ్మా" అన్నోళ్లే. రెండుసార్లు తప్పాను, మూడోసారి పాసయ్యాను. మీకు వస్తది.

---

కొత్త_సభ్యుడు_హైద్ · సోమవారం మధ్యాహ్నం 1:40

సారీ అక్కా. నేను అంత ఆలోచించలేదు. నిజానికి నాకూ ఇంకా లైసెన్సు లేదు. ఇక్కడ చదివి నేర్చుకుంటాను.

---

ఎల్బీనగర్_తమ్ముడు · సోమవారం రాత్రి 8:50

అక్కా, అప్ ట్రాక్ సంగతి బాబాయ్ చెప్పారు కాబట్టి హెచ్ గురించి నేను రాస్తాను. నా మొదటి టెస్టు హెచ్‌లోనే పోయింది.

నేను చేసిన తప్పు వేగం. వెనక్కి పోయేటప్పుడు భయం వల్ల త్వరగా అయిపోవాలనిపిస్తుంది. అక్కడే చక్రం అంచెక్కుతుంది. రివర్స్‌లో యాక్సిలరేటర్ అవసరమే లేదు, హాఫ్ క్లచ్ మీద నత్తలా పోనివ్వాలి. బండి నెమ్మదిగా, చేతులు వేగంగా. మా వాళ్లది దీనికి పూర్తిగా తిరగేసి ఉంటుంది, బండి వేగంగా, స్టీరింగ్ నెమ్మదిగా.

రెండోది, ఎడమ అద్దం కొంచెం కిందికి దించుకోవాలి, వెనక చక్రమూ అంచూ రెండూ కనపడేలా. ఆ రెంటి మధ్య జానెడు ఖాళీ ఉంటే చాలు, భయం లేదు. ఖాళీ తగ్గుతుంటే స్టీరింగ్ దాని నుంచి అవతలికి తిప్పాలి. వెనక్కి పోయేటప్పుడు స్టీరింగ్ ఎటు తిప్పితే కారు తోక అటే పోతుంది. ఈ ఒక్క ముక్క గుర్తుంటే కంగారు ఉండదు. తోక తిరిగాక బండి మూతి ఎదురు పక్కకి ఊగుతుంది, దాన్ని మర్చిపోతే ముందు చక్రం తగులుతుంది.

మీ ఇంటి దగ్గర గ్రౌండులో ముగ్గుపిండితో హెచ్ గీసుకోండి. నేను అలాగే చేశాను. అంచుకి బదులు నీళ్ల సీసాలు నిలబెట్టాను. సీసా పడితే చప్పుడవుతుంది, దిగి చూడక్కర్లేదు.

టెస్టుకి ముందురోజు వెళ్లి ఒక గంట బయట నిలబడి చూడండి. ఏ ట్రాక్ తర్వాత ఏది, హెచ్‌లో ఎటు నుంచి లోపలికి పంపుతున్నారు, ఎక్కడ ఆపమంటున్నారు, అన్నీ తెలుస్తాయి. తెలిసిన చోటికి వెళ్తే సగం వణుకు తగ్గుతుంది.

---

కడప_కుర్రోడు · మంగళవారం సాయంత్రం 5:20

అన్నలూ అక్కలూ, మధ్యలో అడుగుతున్నందుకు ఏమనుకోకండి. నాకు 18 నిండాయి. ఎల్ఎల్ఆర్ పరీక్ష వచ్చే సోమవారం, ఆ తర్వాత బైకు టెస్టు. బోర్డులు ఎంత చూసినా కలగాపులగం అయిపోతున్నాయి. బైకు ఎనిమిదిలో కాలు కింద పెట్టకుండా ఎట్లా తిప్పాలి?

---

గోదావరి_వకీలు · మంగళవారం సాయంత్రం 6:02

బాబూ, బోర్డులు బొమ్మల్ని బట్టి కాకుండా ఆకారాన్ని బట్టి చదువు. గుండ్రంగా ఉంటే ఆజ్ఞ, పాటించకపోతే తప్పు. త్రిభుజమైతే హెచ్చరిక, ముందు మలుపో స్కూలో ఉంది. నలుచదరంగా ఉంటే సమాచారం, పెట్రోలు బంకు, ఆసుపత్రి లాంటివి. రెండే తేడాలు: ఆగు అన్నది ఎనిమిది పలకలు, దారి ఇవ్వు అన్నది తలకిందుల త్రిభుజం. ఆ రెండూ ఆజ్ఞలే. వెనక నుంచి చూసినా ఆకారంతోనే గుర్తుపట్టాలని వాటికి వేరే రూపం ఇచ్చారు. 60 శాతం జవాబులు సరిగ్గా ఉంటే పాస్.

ఎల్ఎల్ఆర్ వచ్చిన 30 రోజుల తర్వాతే అసలు టెస్టు. ఈలోపు బండికి ముందూ వెనకా తెల్లదాని మీద ఎర్ర ఎల్ ఉండాలి. నేర్పేవాళ్లు తప్ప వెనక ఫ్రెండ్స్‌ని ఎక్కించుకోకూడదు. హెల్మెట్ సరేసరి.

---

పాత_మెకానిక్ · మంగళవారం రాత్రి 10:15

అబ్బాయ్, ఎనిమిదిలో ముందు చక్రం వైపు చూడకు. తల తిప్పి, బండి ఎక్కడికి పోవాలో అక్కడ చూడు. చూపు ఎటుంటే బండి అటే పోతుంది. క్లచ్ సగం, వెనక బ్రేకు మీద కాలు కాస్త ఆనించి ఉంచు, బండి నిలకడగా ఉంటుంది. ముందు బ్రేకు మాత్రం మలుపులో పట్టకు, పడతావు. మా రోజుల్లో బ్రేకిన్‌స్పెక్టర్ సున్నంతో ఎనిమిది గీసి, "పోనీయ్" అనేవాడు. ఇప్పుడూ అదే ఎనిమిది.

---

మధ్యతరగతి_మనిషి (కరీంనగర్) · బుధవారం ఉదయం 7:45

రెండు డౌట్లు. ఒకటి, డ్రైవింగ్ స్కూల్ సర్టిఫికెట్ ఉంటే టెస్టే అక్కర్లేదని వాట్సాప్‌లో వచ్చింది. నిజమేనా? రెండు, ఈ కారు లైసెన్సు మీదే ట్యాక్సీ నడుపుకోవచ్చా?

---

గోదావరి_వకీలు · బుధవారం ఉదయం 9:10

మొదటిది సగం నిజమండి. 2021 జూలై 1 నుంచి గుర్తింపు పొందిన డ్రైవర్ శిక్షణ కేంద్రాలకి ఆ వెసులుబాటు ఇచ్చారు. అక్కడ కారు కోర్సు నాలుగు వారాలు, 29 గంటలు, అందులో 21 గంటలు చేత్తో నడపడం. సొంత ట్రాక్ కూడా ఉండాలి. వీధి చివర రెండు కార్లున్న స్కూల్ ఇచ్చే సర్టిఫికెట్‌కి ఈ మినహాయింపు లేదు. 2024 జూన్‌లో ఆ వాట్సాప్ పుకారు దేశమంతా తిరిగితే, నిబంధనల్లో మార్పేమీ లేదని కేంద్ర రవాణా శాఖే చెప్పాల్సి వచ్చింది.

రెండోది, 2024 నవంబర్ 6న సుప్రీంకోర్టు అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తీర్పిచ్చింది. లైట్ మోటార్ వెహికిల్ లైసెన్సుతో, అంటే మన కారు లైసెన్సుతోనే, మొత్తం బరువు 7,500 కిలోలు దాటని ట్యాక్సీ లాంటి రవాణా వాహనాలు నడపొచ్చు, విడిగా అనుమతి రాయించుకోనక్కర్లేదు.

---

సరళ_టీచర్ · తర్వాతి ఆదివారం ఉదయం 11:30

వారమైంది కాబట్టి జరిగింది రాస్తున్నాను.

మొదటి మూడు రోజులు గ్రౌండులో క్లచ్ ఒక్కటే. యాక్సిలరేటర్ ముట్టుకోలేదు. బాబాయ్ గారు చెప్పిన ఇంజన్ గొంతు మొదటి రోజు వినపడనే లేదు. రెండో రోజు మా అబ్బాయి ఏసీ, పాటలు అన్నీ ఆపించి, అద్దాలు దించి, "ఇప్పుడు విను అమ్మా" అన్నాడు. వినపడింది! గుర్రుమని ఉన్నది కాస్త బరువుగా, గొంతు దిగినట్టు అయింది. అరికాలికి కూడా తెలిసింది. ముందు బూట్లు వేసుకుని చేశాను, మందంగా ఉండి ఏమీ తెలియలేదు. పలచటి అడుగున్న కాన్వాస్ బూట్లు వేసుకున్నాక తేడా వచ్చింది.

నాలుగో రోజు నుంచి మా అపార్ట్‌మెంట్ సెల్లార్ ర్యాంప్. తెల్లవారుజామున అయిదింటికి, ఏ బండీ రాని వేళ. ర్యాంప్ మధ్యలో ఆపి, హ్యాండ్ బ్రేక్ లాగితే, వాచ్‌మన్ వచ్చి వెనక చక్రానికి ఇటుక ఆనించి పక్కకి వెళ్లిపోయేవాడు. వెనక ఎవరూ నిలబడకూడదని ముందే గట్టిగా చెప్పాను. మొదటి రోజు పదిసార్లలో ఏడుసార్లు బండి ఆగిపోయింది. మర్నాడు నాలుగు. నిన్న ఇరవైసార్లు చేస్తే ఒక్కసారి. ఈ రోజు ఇటుక తీసి పక్కన పెట్టించాను. బానెట్ లేచింది, కాలు ఆపాను, హ్యాండ్ బ్రేక్ దించాను. కారు ఆ ఏటవాలు మీద కదలకుండా నిలబడింది. ఒక్క అంగుళం జారలేదు. మా అబ్బాయి ఏమీ అనలేదు, నా వైపు చూసి నవ్వాడు.

మా అత్తగారు పైన బాల్కనీలో నుంచి చూస్తున్నారట. టిఫిన్ దగ్గర "ఇవాళ కారు శబ్దం వేరేగా వచ్చిందే" అన్నారు.

హెచ్ ఇంకా కుదరలేదు. సీసాలు రోజుకి రెండు పడుతున్నాయి. ఇంకో పది రోజులు చేసి స్లాట్ పెట్టుకుంటాను.

---

ఓరుగల్లు_పద్మ · ఆదివారం మధ్యాహ్నం 12:10

చెల్లె, చదువుతుంటే కళ్లల్ల నీళ్లొచ్చినయి. టెస్టు నాడు సొంత కారు కాబట్టి ఆర్సీ, ఇన్సూరెన్స్, పొల్యూషన్ సర్టిఫికెట్ తీసుకుపోండి. ఇన్సూరెన్స్ తారీఖు ముందే చూసుకోండి, మా దగ్గర ఒకాయనను దాని కోసమే వెనక్కి పంపారు. ఎల్ఎల్ఆర్ చేతిలో ఉంచుకోండి. కారు ఎక్కంగనే సీటు, అద్దాలు సర్దుకుని, బెల్టు పెట్టుకుని, అప్పుడే ఇంజన్ స్టార్ట్ చేయండి. అది కూడా చూస్తారు. ముందు రెండు ఇడ్లీలు తిని పోండి, ఖాళీ కడుపుతో కాళ్లు ఇంకా వణుకుతయి.

---

సరళ_టీచర్ · మూడు వారాల తర్వాత, గురువారం మధ్యాహ్నం 2:20

పాసయ్యాను.

హెచ్ ఒక్క తగులూ లేకుండా అయింది. అప్ ట్రాక్ మీద నా ముందు కారు ఆగిపోయింది, అయిదు నిమిషాలు కింద ఎదురుచూడాల్సి వచ్చింది. ఆ అయిదు నిమిషాలే కష్టం. నా వంతు వచ్చాక ఏసీ ఆపేసి, అద్దం దించాను. గొంతు మారడం వినపడింది. ఎక్కేశాను. అదే ఇన్‌స్పెక్టర్ గారు. "ఎక్కడ నేర్చుకున్నారు మేడమ్?" అని అడిగారు. సెల్లార్లో అన్నాను.

వకీలు గారూ, కార్డు ఎన్నాళ్లు చెల్లుతుంది?

---

గోదావరి_వకీలు · గురువారం మధ్యాహ్నం 3:00

శుభాకాంక్షలండీ! 2019 సెప్టెంబర్ 1 నుంచి ఉన్న నిబంధన ప్రకారం 30 నుంచి 50 ఏళ్ల మధ్య తీసుకున్నవాళ్లకి పదేళ్లు. కార్డు వచ్చేలోపు డిజిలాకర్‌లో కనిపిస్తే అది చూపించినా చెల్లుతుంది.

---

పాత_మెకానిక్ · గురువారం రాత్రి 9:40

చాలా సంతోషం తల్లీ. రేపు డయాలసిస్ ఉంటే, ఈ రాత్రే ఆ దారిలో ఒకసారి ఖాళీగా వెళ్లిరండి. అబ్బాయిని పక్కన పెట్టుకోండి.

---

సరళ_టీచర్ · శనివారం ఉదయం 10:50

వెళ్లొచ్చాం బాబాయ్ గారూ. నిన్న అయిదున్నరకి బయల్దేరి ఆరుకి ఆసుపత్రిలో ఉన్నాం. ఫ్లైఓవర్ మీద ట్రాఫిక్ ఆగింది, బండి ఎత్తు మీద నిలబడింది. హ్యాండ్ బ్రేక్ లాగాను. వెనక నుంచి అత్తగారు "ఏమైందమ్మా" అన్నారు. "ఏం కాలేదత్తయ్యా, సిగ్నల్" అన్నాను.

---

కొత్త_సభ్యుడు_హైద్ · శనివారం సాయంత్రం 4:15

అక్కా, నాకు ఎల్ఎల్ఆర్ వచ్చింది. డ్రైవింగ్ స్కూల్లో పన్నెండు రోజులైంది. మాస్టారి కాలు ఎక్కడుందో నిన్న చూశాను. ఆయన క్లచ్ మీదే ఉంది.

---

సరళ_టీచర్ · శనివారం సాయంత్రం 4:22

తమ్ముడూ, సోమవారం వెళ్లగానే కాలు తీయమని అడుగు, ఖాళీ గ్రౌండులో. నువ్వు ఎక్కడుంటావు? మీ సెల్లార్‌కి ర్యాంప్ ఉందా?